ఒకే గోదావరి, రెండు ఒడ్లు, నాలుగు తేదీలు: మన భూమి కేసుల చరిత్ర

మన గూడేల్లో చాలా ఇళ్లలో అటక మీద ఒక పాత రేకు పెట్టె ఉంటుంది. తాతల నాటి శిస్తు రశీదులు, మడతల దగ్గర చిరిగిన పహాణీ నకళ్లు, ఎప్పుడో వచ్చిన కోర్టు నోటీసు అందులో పడి ఉంటాయి. కుల ధ్రువీకరణ పత్రం అవసరమైనప్పుడు మీరు ఆ పెట్టె తెరుస్తారు. కావలసిన కాగితం తీసుకుని మళ్లీ మూసేస్తారు. ఈ వ్యాసం అందులో మిగిలిపోయిన కాగితాల గురించి.

తమ్ముళ్లారా, చెల్లెళ్లారా! ఖమ్మం, భద్రాచలం అడవి అంచున సాగిన భూమి కేసుల్లో చాలా వాటిని చివరికి తేల్చింది ఒకే ప్రశ్న: "ఈ అమ్మకం ఏ తేదీన జరిగింది?" ఆ తేదీ నిజమో అబద్ధమో పట్టుకోవాలంటే ముందు మన ప్రాంతం చరిత్ర తెలియాలి. మనకు చరిత్ర పరీక్షల కోసం చదివే పాఠం మాత్రమే కాదు. మన చేను తరఫున నిలబడే సాక్షి కూడా.

రెండు ఒడ్లు, రెండు రాజ్యాలు

గోదావరి రెండు ఒడ్లూ ఒకప్పుడు నిజాం ఏలుబడిలోనివే. 1860 ఒప్పందంతో భద్రాచలం, రేకపల్లి వైపు ఉన్న ఎడమ ఒడ్డు బ్రిటిష్ వారి చేతికి వెళ్లింది. వాళ్లు దాన్ని మొదట సెంట్రల్ ప్రావిన్సెస్‌లో ఉంచి, 1874లో మద్రాసు రాష్ట్రంలోని గోదావరి జిల్లాలో కలిపారు. కుడి ఒడ్డున ఉన్న పాల్వంచ, బూర్గంపహాడ్ నిజాం రాజ్యంలోనే ఉండిపోయాయి. ఒక ఒడ్డున కరణం, అడంగల్, ఎకరాలు సెంట్లు. రెండో ఒడ్డున పట్వారీ, పహాణీ, ఎకరాలు గుంటలు. నది దాటి పిల్లనిచ్చి పుచ్చుకున్న కోయ, కొండరెడ్డి కుటుంబాలు భూమి విషయంలో మాత్రం రెండు వేర్వేరు చట్టాల కింద బతికాయి.

జిల్లా మారాక రేకపల్లి వైపు పోడు మీద పన్ను దాదాపు మూడింతలైంది. కొన్ని చోట్ల పోడు కొట్టడమే నిషేధమైంది. 1879లో రంప కొండల్లో లేచిన పితూరీ కొద్ది నెలల్లోనే రేకపల్లికి పాకింది. దాని కారణాల గురించి ఆనాటి ప్రభుత్వం రాసుకున్నదాంట్లో కోర్టుల మాట కూడా ఉంది. మైదానం నుంచి వచ్చిన వ్యాపారులు కొండవాళ్ల చేత తమకు అనుకూలమైన ఒప్పందాలు రాయించుకునేవారు. మాట తప్పారంటూ దావా వేసి, అవతలి వాళ్లు హాజరు కాకుండానే ఎక్స్‌పార్టీ డిక్రీ తెచ్చుకుని ఆస్తులు జప్తు చేసేవారు. అంటే ఈ గడ్డ మీద కాగితం, కోర్టు కలిసి మనవాళ్లను ముంచిన కథ నూటయాభై ఏళ్ల నాటిది.

ఆ పితూరీ వేసిన భయం ప్రభుత్వాన్ని చాలాకాలం వెంటాడింది. చివరికి మద్రాసు ప్రభుత్వం 1917లో ఏజెన్సీ భూముల బదిలీ, వడ్డీల చట్టం తెచ్చింది. ఏజెంటు అనుమతి లేకుండా కొండజాతి మనిషి తన భూమిని బయటివారికి బదిలీ చేస్తే ఆ బదిలీ చెల్లదని ఆ చట్టం చెప్పింది. వడ్డీకి కూడా హద్దు పెట్టింది.

కుడి ఒడ్డున అలాంటి రక్షణ చాలా ఆలస్యంగా వచ్చింది. 1940లో జోడేఘాట్‌లో కొమురం భీమ్ నేలకొరిగిన తర్వాతే నిజాం ప్రభుత్వం గిరిజనుల గోడు వినడం మొదలుపెట్టింది. గోదావరి రెండు ఒడ్ల కొండరెడ్ల మధ్య తిరిగి పుస్తకం రాసిన హైమెన్‌డార్ఫ్, గిరిజన భూముల రక్షణకు ప్రత్యేక చట్టం కావాలని నిజాం ప్రభుత్వానికి గట్టిగా చెప్పాడు. 1946లో ఒకటి, 1949లో మరొకటి గిరిజన ప్రాంతాల రెగ్యులేషన్లు వచ్చాయి. అప్పటికి ఎడమ ఒడ్డున 1917 చట్టానికి ముప్పై ఏళ్లు నిండాయి.

గుర్తుంచుకోవలసిన నాలుగు తేదీలు

స్వాతంత్ర్యం తర్వాత రాజ్యాంగం ఐదో షెడ్యూలు కింద గవర్నరుకు ప్రత్యేక అధికారం దక్కింది. రాష్ట్రపతి ఆమోదంతో షెడ్యూల్డు ప్రాంతాల్లో భూమి బదిలీని నియంత్రించే రెగ్యులేషన్లు ఆయన చేయవచ్చు. మన ఎల్.టి.ఆర్. చట్టం అలా పుట్టిందే. దాని గురించి నాలుగు తేదీలు నోటికి వచ్చి ఉండాలి.

మొదటిది 1917. ఎడమ ఒడ్డుకు మొదటి రక్షణ.

రెండోది 1959 మార్చి 4. ఆంధ్రప్రదేశ్ షెడ్యూల్డు ప్రాంతాల భూబదిలీ రెగ్యులేషన్, అంటే 1959లోని ఒకటో రెగ్యులేషన్, ఆంధ్ర ప్రాంతంలో అమల్లోకి వచ్చిన రోజు. భద్రాచలం వైపు ఆ రోజు నుంచి 1917 చట్టం స్థానంలో ఇది నిలిచింది. గిరిజనుడు గిరిజనుడికి గానీ, గిరిజన సహకార సంఘానికి గానీ అమ్మవచ్చు. ఇతరులకు అమ్మాలంటే ముందుగా అధికారి రాతపూర్వక అనుమతి ఉండాలి.

మూడోది 1963 డిసెంబరు 1. అదే రెగ్యులేషన్ తెలంగాణ ప్రాంతానికి, అంటే పాల్వంచ, ఇల్లెందు, బూర్గంపహాడ్ వైపు షెడ్యూల్డు గ్రామాలకు వర్తించిన రోజు.

నాలుగోది 1970 ఫిబ్రవరి 3. మనం వన్ ఆఫ్ సెవెంటీ అని పిలుచుకునే సవరణ అమల్లోకి వచ్చిన రోజు. ఇది రెండు పెద్ద పనులు చేసింది. షెడ్యూల్డు ప్రాంతంలో అమ్మేవాడు ఎవరైనా సరే, కొనేవాడు గిరిజనుడో, గిరిజనులే సభ్యులుగా ఉన్న సహకార సంఘమో అయితే తప్ప ఆ బదిలీ చెల్లదంది. అంటే ఒక గిరిజనేతరుడు మరో గిరిజనేతరుడికి అమ్మడం కూడా కుదరదు. ఇక రెండోది: గిరిజనేతరుడి స్వాధీనంలో ఉన్న భూమి గిరిజనుడి నుంచి వచ్చిందేనని చట్టం ముందుగా భావిస్తుంది. కాదని రుజువు చేసుకోవలసిన బాధ్యత భూమి అనుభవిస్తున్నవాడిదే.

1978లో మరో సవరణ వచ్చింది. ఈ చట్టానికి విరుద్ధమైన దస్తావేజులను రిజిస్టరు చేయకూడదని, ఉల్లంఘిస్తే శిక్ష ఉంటుందని చెప్పింది. బదిలీ అంటే అమ్మకం ఒక్కటే కాదని కూడా మరువకండి. తనఖా, కౌలు, దానం, మార్పిడి అన్నీ బదిలీలే.

ఇక్కడొక మెలిక ఉంది. 2014లో ఏడు మండలాలు ఆంధ్రప్రదేశ్‌లో కలిసినప్పుడు కుడి ఒడ్డున ఉన్న కుక్కునూరు, వేలేరుపాడు కూడా వెళ్లాయి. ఎడమ ఒడ్డున ఉన్న భద్రాచలం పట్టణం తెలంగాణలో ఉండిపోయింది. ఇవాళ్టి రాష్ట్రం చూసి పాత తేదీ లెక్కేస్తే తప్పులో కాలేస్తాం. కుక్కునూరు ఇప్పుడు ఆంధ్రప్రదేశ్‌లో ఉన్నా పాత హైదరాబాద్ రాష్ట్రపు నేల. కాబట్టి అక్కడ చూడవలసింది 1963. భద్రాచలం ఇప్పుడు తెలంగాణలో ఉన్నా పాత మద్రాసు నేల. అక్కడ చూడవలసింది 1917, 1959.

ఒక చేను, రెండు దస్తావేజులు

ఇది ఎలా పనిచేస్తుందో ఒక ఊహించిన ఉదాహరణతో చూద్దాం. కుడి ఒడ్డున ఒక షెడ్యూల్డు గ్రామంలో నాలుగెకరాల చేను. పహాణీలో ఒక కోయ తాత పేరు. ఇప్పుడు ఆ భూమి దున్నుతున్న గిరిజనేతరుడి దగ్గర రెండు కాగితాలున్నాయి. ఒకటి 1962 తేదీతో సాదా బైనామా. తాత వేలిముద్ర వేసి ఒక షావుకారుకు అమ్మినట్టు అందులో ఉంది. రెండోది 1974లో ఆ షావుకారు ఇతనికి రాసిచ్చిన రిజిస్టర్డు దస్తావేజు.

చూడగానే రెండో కాగితమే బలమైనదనిపిస్తుంది. దాని మీద ముద్రలున్నాయి, రిజిస్ట్రేషన్ నంబరుంది. కానీ 1970 ఫిబ్రవరి 3 తర్వాత గిరిజనేతరుడి పేరున జరిగిన బదిలీ కనుక అది చెల్లదు. రిజిస్టరైనంత మాత్రాన చట్టం కాదన్నది అవునైపోదు. అందుకే అవతలి పక్షం మొదటి కాగితం మీద ఆధారపడుతుంది. 1963 డిసెంబరుకు ముందే తాత అమ్మేశాడని వాదిస్తుంది.

ఆ సాదా బైనామా నిలుస్తుందా? వంద రూపాయలు, ఆ పైన విలువైన స్థిరాస్తి అమ్మకం రిజిస్టరు కాకపోతే దానితో హక్కు రాదు. అయినా ఫలానా రోజు నుంచి భూమి మా స్వాధీనంలో ఉందని చూపడానికి అలాంటి కాగితాన్ని వాడతారు. అప్పుడు పహాణీల వంతు వస్తుంది. 1966-67 పహాణీలో సాగుదారు కాలమ్‌లో తాత పేరే ఉంటే 1962లోనే అమ్మేశాడన్న మాట మీద గట్టి అనుమానం వస్తుంది. అదే 1962 నుంచీ ఏటేటా షావుకారు పేరే ఉంటే మన వాదన బలహీనపడుతుంది.

ఇదే చేను ఎడమ ఒడ్డున ఉందనుకోండి. 1962 కాగితం నిజమైనదే అయినా అధికారి అనుమతి లేకపోతే చెల్లదు. ఎందుకంటే అక్కడ 1959 నుంచీ, దానికి ముందు 1917 నుంచీ నిషేధం ఉంది. కాగితం ఒకటే. నది ఏ ఒడ్డున ఉందన్నదాన్ని బట్టి తీర్పు మారిపోతుంది.

తేదీ అబద్ధమాడితే

నిషేధం ఫలానా రోజున మొదలైందంటే దానికి ముందు తేదీ వేసి కాగితం పుట్టించాలనే ఆశ కూడా మొదలవుతుంది. పాత తేదీల సాదా బైనామాలు మన ప్రాంతపు కేసుల్లో మళ్లీ మళ్లీ కనిపించేది అందుకే. వాటిని చదివేటప్పుడు చరిత్ర తెలిసినవాడి కన్ను ఎక్కడ ఆగాలో చూడండి.

1962 నాటిదని చెప్పే కాగితంలో ఫలానా మండలం అని రాసి ఉంటే ఆగండి. మండలాలు 1985లో వచ్చాయి. అప్పటిదాకా ఉన్నవి తాలూకాలు.

1951 నాటి కాగితంలో ఖమ్మం జిల్లా అని ఉంటే ఆగండి. వరంగల్ నుంచి విడిపోయి ఖమ్మం జిల్లా ఏర్పడింది 1953 అక్టోబరు 1న.

1957లో రాసినట్టు చెప్పే భద్రాచలం కాగితంలో ఖమ్మం జిల్లా అని ఉన్నా ఆగండి. భద్రాచలం 1959 దాకా తూర్పు గోదావరి జిల్లాలోనిది.

1955 కాగితంలో నయా పైసల లెక్క ఉంటే ఆగండి. అవి 1957 ఏప్రిల్‌లో వచ్చాయి. అంతకుముందు లెక్క అణాల్లో ఉండేది.

ఎడమ ఒడ్డు భూమికి పాత కాగితంలో గుంటల లెక్క, కుడి ఒడ్డు భూమికి సెంట్ల లెక్క కనిపించినా ఎందుకని అడగండి. స్టాంపు కాగితమైతే వెనక వైపు అమ్మిన తేదీ, కొన్నవారి పేరు చూడండి. దస్తావేజు తేదీ కన్నా తర్వాత కొన్న స్టాంపు మీద ముందు రాసిన అమ్మకం ఎలా ఉంటుంది?

ఇలాంటి గుర్తు ఒక్కటే కేసు గెలిపిస్తుందని చెప్పను. కానీ విచారణలో సరైన ప్రశ్న వేయడానికి అదే ఊతం. ఆ ప్రశ్న వేయగలిగినవాడు మన వైపు ఒక్కడైనా ఉండాలి.

సుప్రీంకోర్టు గడపలో

వన్ ఆఫ్ సెవెంటీని గిరిజనేతర భూస్వాములు సవాలు చేశారు. తమ మధ్య జరిగే అమ్మకాలను కూడా ఆపడం రాజ్యాంగ విరుద్ధమన్నారు. 1988లో పి. రామిరెడ్డి కేసులో సుప్రీంకోర్టు ఆ వాదనను తోసిపుచ్చి చట్టాన్ని నిలబెట్టింది. గిరిజనుల చేతుల్లోంచి జారిపోయిన భూమి మళ్లీ వాళ్ల దగ్గరికే చేరాలన్న ఉద్దేశం న్యాయమైనదేనని ఒప్పుకుంది.

1995లో ఎస్. వెంకటరమణయ్య కేసులో అదే కోర్టు రెండో వైపు కూడా చెప్పింది. 1970 సవరణ ముందుకే గానీ వెనక్కి పనిచేయదు, అంతకు ముందే చట్టబద్ధంగా ముగిసిన బదిలీలను అది రద్దు చేయదు. అప్పటినుంచి తేదీ విలువ ఇంకా పెరిగింది. తరాలుగా మనతో పాటు బతుకుతున్న గిరిజనేతర కుటుంబాల్లో నిజమైన పాత హక్కు ఉన్నవాళ్లూ ఉన్నారు. చట్టం వాళ్లను వెళ్లగొట్టమనదు. మన పోరాటం దొంగ తేదీతోనే గానీ పొరుగువాడితో కాదు.

1997 జులైలో సమత కేసు వచ్చింది. విశాఖ జిల్లా అనంతగిరి వైపు గనుల లీజుల మీద నడిచిన ఆ కేసులో, షెడ్యూల్డు ప్రాంతంలోని ప్రభుత్వ భూమిని కూడా గిరిజనేతరులకు లీజుకు ఇవ్వకూడదని సుప్రీంకోర్టు తేల్చింది. 2003లో ఒడిశా నుంచి వెళ్లిన ఒక కేసులో ఏళ్ల తరబడి అనుభవించానన్న కారణంతో గిరిజనుడి భూమి మీద హక్కు రాదని చెప్పింది. పన్నెండేళ్లు దున్నుకుంటే మాదే అని బెదిరించేవాళ్లకు ఈ తీర్పు జవాబు.

అన్నిటికన్నా ముందు తేలవలసిన ప్రశ్న మరొకటుంది: అసలు మన ఊరు షెడ్యూల్డు గ్రామాల జాబితాలో ఉందా? మన పొరుగున ములుగు జిల్లా మంగపేట మండలంలోని 23 గ్రామాలు ఒకప్పుడు పాల్వంచ తాలూకాలోనివి. అవి షెడ్యూల్డు ప్రాంతం కాదన్న వాదన దశాబ్దాల పాటు నడిచింది. 2023 జులైలో తెలంగాణ హైకోర్టు అవి షెడ్యూల్డు గ్రామాలేనని తీర్పిచ్చింది. డెబ్బై ఏళ్ల కిందటి ఒక జాబితా మీద ఇన్ని గూడేల బతుకు ఆధారపడి ఉంది.

గెలిచినవి, ఓడినవి

ఈ కేసులు ముందుగా వినేది గిరిజన సంక్షేమ స్పెషల్ డిప్యూటీ కలెక్టరు. మనవాళ్లు ఎస్.డి.సి. కోర్టు అంటారు. బాధితుడే అర్జీ పెట్టాలని లేదు. అధికారి తనంత తానుగా కూడా కేసు చేపట్టవచ్చు. అక్కడి ఉత్తర్వు మీద ఏజెంటుకు, లేదా అదనపు ఏజెంటు హోదాలో ఉన్న ఐటీడీఏ ప్రాజెక్టు అధికారికి అప్పీలు. ఆ తర్వాత ప్రభుత్వానికి రివిజన్, ఆపైన హైకోర్టు.

2000 దశకం మధ్య నాటి ప్రభుత్వ లెక్కల ప్రకారం ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఈ చట్టం కింద సుమారు 72 వేల కేసులు గుర్తించారు. వాటిలోని భూమి 3 లక్షల 20 వేల ఎకరాల పైమాటే. తేలిన కేసుల్లో సగానికి కొంచెం తక్కువ గిరిజనులకు వ్యతిరేకంగా పోయాయి. రుజువు భారం అవతలివాడి మీద ఉన్నా ఇంత ఓటమి ఎందుకు?

కారణాలు మీ ఇళ్లలోనే వినవచ్చు. నోటీసు వచ్చినా తాత వెళ్లలేదు. వెళ్లినా చేతిలో రశీదు లేదు. అప్పీలు గడువు దాటిపోయింది. పహాణీ నకలు ఎవరూ తీయలేదు. గెలిచినా పంచనామా జరిగింది గానీ భూమి చేతికి రాలేదు, వచ్చినా మళ్లీ అప్పు కింద పోయింది. మన తప్పు కూడా ఒకటి చెప్పుకోవాలి. కొంత డబ్బుకు ఆశపడి బయటివాడి కోసం తన పేరు మీద బినామీగా రాయించుకున్నవాళ్లు మనలో ఉన్నారు. అలాంటి ఒక్క సంతకం ఊళ్లో పది కేసులను బలహీనపరుస్తుంది.

అడవి అంచున మీ వంతు

రెవెన్యూ భూమి కథ ఇది. దాని పక్కనే అడవి భూమి ఉంది. 2006 అటవీ హక్కుల చట్టంలో కూడా ఒక తేదీ ఉంది: 2005 డిసెంబరు 13. ఆ రోజుకు పోడు మన చేతిలో ఉండాలి. ఆ చట్టం కింద వచ్చిన పట్టా వారసులకు వస్తుంది. అమ్మడానికి వీల్లేదు. భార్యాభర్తలిద్దరి పేర్ల మీద ఇవ్వాలి. పోడు పట్టాను సాదా కాగితం మీద రాసిచ్చి డబ్బు తీసుకుంటే, రేపు మీ మనవడు ఇదే వ్యాసం మళ్లీ చదవవలసి వస్తుంది.

ఈ చట్టంలో మనకు ఎంతో పనికొచ్చే విషయం ఒకటుంది. దాని నియమాల్లో చెప్పిన సాక్ష్యాల జాబితాలో, హక్కు కోరేవారు కాని పెద్దల మాటను రాసి పెట్టిన వాంగ్మూలం కూడా ఉంది. సమత తీర్పు వచ్చిన 1997లోనే, డిసెంబరులో, కెనడా సుప్రీంకోర్టు డెల్గముక్ కేసులో ఇలాంటి మాటే చెప్పింది. అక్కడి ఆదివాసులు తరతరాలుగా చెప్పుకునే చరిత్రను కాగితపు సాక్ష్యంతో పాటు లెక్కలోకి తీసుకోవాలంది. భూమి పండుగ చేసి విత్తనం చల్లే మన పెద్దలకు ఏ చేను ఎవరిదో, ఏ వాగు దగ్గర హద్దో, ఏ ఇప్పచెట్టు ఎవరి తాత కాలం నాటిదో తెలుసు. ఆ మాట వాళ్లతోనే మట్టిలో కలిసిపోకూడదు.

అందుకే ఈ సంచిక చదివే ప్రతి ఒక్కరినీ నాలుగు పనులు అడుగుతున్నాను. ఇంట్లో రేకు పెట్టె తెరిచి ప్రతి కాగితాన్ని రెండు వైపులా ఫోటో తీయండి. మీ సర్వే నంబరుకు 1954-55 ఖాస్రా పహాణీ నుంచి, ఎడమ ఒడ్డున అయితే పాత అడంగళ్ల నుంచి నకళ్లకు దరఖాస్తు పెట్టండి. ఇవ్వకపోతే సమాచార హక్కు కింద అడగండి. ఊళ్లో పెద్దలను కూర్చోబెట్టి హద్దులు, పేర్లు, సంవత్సరాలు చెప్పించి రికార్డు చేసి, రాసి, సాక్షుల సంతకాలు పెట్టించండి. నోటీసు వస్తే ఆ రోజే తేదీ రాసుకుని విచారణకు తాతతో పాటు మీరూ వెళ్లండి.

ధరణి పోయి 2025లో భూభారతి వచ్చింది. రేపు ఇంకో పేరు రావచ్చు. కంప్యూటరులో పేరు మారినంత మాత్రాన చెల్లని అమ్మకం చెల్లుబాటు కాదు. అయితే ఆ మాట అధికారి ముందు నిలబడి, తేదీ చూపించి చెప్పేవాళ్లు కావాలి. 1879లో రేకపల్లి కొండల్లో కోర్టు పిలిచినప్పుడు మనవాళ్లు లేరు. డిక్రీ వాళ్లు లేకుండానే వచ్చింది. ఈసారి పిలుపు వచ్చినప్పుడు మీరు అక్కడ ఉండాలి, చేతిలో కాగితంతో.